తిరగేసి నేర్చుకున్న బొమ్మలు

నేను ఇంటర్ లెక్కల్లో తప్పాను. ఈ మాట ముందే చెప్పేస్తే ఒక పని అయిపోతుంది. ఆ లెక్కలు ఈ రోజుకీ పాసవలేదు, ఇక పాసయ్యే ఉద్దేశమూ లేదు. పిల్లల పుస్తకాలకు బొమ్మలు వేసుకుని బతుకుతున్నాను. "బొమ్మలు ఎక్కడ నేర్చుకున్నారండీ?" అని ఎవరైనా అడిగితే "ఆత్మకూరులో, బెల్లం అంగట్లో" అంటాను. వాళ్లు నవ్వుతారు. నేను నవ్వను, ఎందుకంటే అది నిజం.

తొంభైల నడిమి సంవత్సరాలవి. మాది ఉదయగిరి. నాయన పక్క ఊళ్లో ఎలిమెంటరీ స్కూలు టీచరు. పొద్దున పోతే మళ్లీ సాయంత్రం బస్సుకే వచ్చేవాడు. ఊళ్లో చేతిరాతకు ఆయన పెట్టింది పేరు. ప్రతి ఆదివారం మా చర్చి బయటి నల్లబల్ల మీద వాక్యం రాసేది ఆయనే. ఒక్క అక్షరం వంకర పోయినా బల్ల మొత్తం తుడిచి మళ్లీ మొదటినుంచి రాసేవాడు. అలాంటి మనిషి కడుపున నేను పుట్టాను. నేను తప్పానని తెలిసిన రోజు ఆయన తిట్టలేదు, అన్నం తినలేదు. తిట్టినా బాగుండేది. మర్నాడు నన్ను బస్సెక్కించి ఆత్మకూరులో పిన్ని ఇంట్లో దించాడు. ట్యుటోరియల్లో చేర్పించి, రెండు లావుపాటి లెక్కల గైడ్లు చేతిలో పెట్టి, వెనక్కి చూడకుండా వెళ్లిపోయాడు.

వారం తిరక్కముందే పిన్ని నన్ను బెల్లానికి పంపింది.

ఆత్మకూరు బజార్లో అదొక హోల్‌సేల్ అంగడి. ఆ రోజుల్లో మద్రాసు నుంచి విదేశాల పాత కాగితాలు బేళ్లుగా కట్టి లారీల్లో వచ్చేవి. ఏ దేశానివో, ఏ భాషవో ఎవరికీ పట్టేది కాదు. కాగితం మందంగా ఉందా, పొట్లం చినగకుండా ఉంటుందా, అంతే కావాలి. అంగడాయన ఒక లావుపాటి పుస్తకం తీసి, అందులోంచి ఒక పేజీ పర్రున చించి, దాని మీద బెల్లం ముద్ద పెట్టాడు. పెట్టేముందు ఆ పేజీ నా కంట పడింది.

"అన్నా, ఆగు! ఆ బెల్లం తియ్యి!" అని అరిచాను.

"ఏందిమ్మే, బెల్లంలో ఏమన్నా ఉండాదా?"

"బెల్లంలో కాదన్నా, బెల్లం కింద ఉండాది."

ఆయన ముద్ద ఎత్తాడు. కింద ఒక అమ్మాయి ఉంది. ఏటవాలు కొండ మీద నిలబడి వెనక్కి తిరిగి చూస్తోంది. గాలికి జుట్టంతా ఒక పక్కకు ఎగిరిపోతోంది. మొహంలో సగం కళ్లే. ఒక్కొక్క కంట్లో రెండు తెల్ల చుక్కలు, ఒకటి పెద్దది, ఒకటి చిన్నది. ఆ రెండు చుక్కల వల్ల ఆ పిల్ల ఇప్పుడే ఏడుపు ఆపుకుందని నాకు తెలిసిపోయింది. ఎలా తెలిసిందని అడగొద్దు, తెలిసిపోయింది. దవడ మీద బెల్లం మరక పడింది. నాకు ఒళ్లు మండిపోయింది.

"ఈ పుస్తకం నాకియ్యన్నా" అన్నాను.

"ఇచ్చేస్తే పొట్లాలు దేంతో కట్టాల? నీ తలకాయతోనా?" అన్నాడు. నేను కదల్లేదు. వెనకాల గిరాకీ నిలబడి ఉంది, అయినా కదల్లేదు. ఆయనకు విసుగొచ్చింది. "సరే, ఇది ఎంత బరువుండాదో అంత కాగితం తెచ్చియ్యి. తీసకపో. నాకు కాగితం కావాల గానీ బొమ్మలతో ఏం పని?"

పిన్ని ఇంటికి పరుగెత్తాను. పాత పేపర్లన్నీ పిన్ని మొన్ననే అమ్మేసింది. ఇల్లంతా గాలించాను. దొరికిన కాగితం ఒక్కటే, నాయన కొనిచ్చిన లెక్కల గైడ్లు. ఒక్క నిమిషం, ఒక్కటంటే ఒక్క నిమిషం ఆలోచించాను. తర్వాత వాటిని చంకన పెట్టుకుని అంగడికి పోయాను. తక్కెట్లో ఒక పక్క పుస్తకం, ఇంకో పక్క గైడ్లు రెండూ. ముల్లు అటూ ఇటూ ఊగి నట్టనడుమ నిలబడింది. ఆ అమ్మాయి ఉన్న చిరిగిన పేజీని కూడా వదిలిపెట్టలేదు. బెల్లాన్ని వేరే కాగితంలో కట్టించుకున్నాను. ఆ పుస్తకం ఇప్పటికీ నా దగ్గరుంది, ఆ పేజీకి ఇప్పటికీ చీమలు పడతాయి.

దాని భాష చైనాదనుకున్నాను. పిన్ని కూడా అదే అంది. జపాను పుస్తకమని, అక్కడి బొమ్మల కథలను మాంగా అంటారని, ఆ కథలు గీసేవాళ్ల రంగుల బొమ్మల్ని ఇలా విడిగా కుట్టి ఆర్ట్‌బుక్ అని అమ్ముతారని నాకు తెలిసేసరికి చాలా ఏళ్లు గడిచాయి. అప్పటికి నాకు తెలిసింది చూడ్డం ఒక్కటే. ట్యుటోరియల్ నుంచి రావడం, అన్నం మెతుకులు రెండు నోట్లో వేసుకోవడం, పిన్ని వాళ్ల పంచలో బోర్లా పడుకుని ఆ పుస్తకం చూడ్డం.

అంతవరకూ నేనెరిగిన బొమ్మలు మూడు రకాలు. అంగళ్లలో ఇచ్చే కేలండర్లు, సండే స్కూల్లో పంచే కార్డులు, గోడల మీద సినిమా పోస్టర్లు. వాటిల్లో వేలు పెట్టే సందు ఉండదు. పువ్వులు, నగలు, మేఘాలు, గొర్రెపిల్లలు, కత్తులు, నెత్తురు. ఈ పుస్తకంలోనేమో సగం పేజీ తెల్లగా వదిలేసి, మూలన ఒక తడిసిన గొడుగును గోడకు ఆనించి పెట్టారు. దాన్నుంచి కారిన నీళ్లు నేల మీద చిన్న మడుగయ్యాయి. అంతే బొమ్మ! ఇంకో పేజీలో ఒక గిన్నె, దాని మీద ఆవిరి. ఇంకోదాంట్లో ఖాళీ బస్టాపు, బెంచీ మీద ఎవరో మర్చిపోయిన టోపీ. ఒక మనిషి పనిగట్టుకుని కూర్చుని, రోజంతా, గొడుగు నీళ్లను వేశాడంటే నాకు నమ్మశక్యం కాలేదు. గొడుగు కూడా బొమ్మేనా? అలాగైతే ఆత్మకూరు బస్టాండు కూడా బొమ్మే. పిన్ని ఆరేసిన చీర కూడా బొమ్మే. ఆ మాట నాకు అంతవరకూ ఎవ్వరూ చెప్పలేదు. కోపమొచ్చింది, సంతోషమూ వచ్చింది, రెండూ ఒకేసారి వచ్చాయి.

ఆ పుస్తకం చివర్లో ఉన్న పది పన్నెండు పేజీలే నాకు పాఠాలు. బెల్లం పేజీ వాటిల్లోదే. కొండ మీది అమ్మాయి బొమ్మనే మళ్లీ మళ్లీ వేశారు. మొదటి పేజీలో ఆకాశం, గడ్డి, చొక్కా గుండీలు, అన్నీ రంగుల్లో ఉన్నాయి. పేజీ తిప్పితే ఆకాశానికి రంగు లేదు. ఇంకోటి తిప్పితే గడ్డి లేదు. తర్వాత నీడలు పోయాయి. తర్వాత చొక్కా పోయింది. తర్వాత కళ్లు, ముక్కు, నోరు పోయాయి. ఆఖరి పేజీలో మూడే మూడు కుంచె గీతలు మిగిలాయి. గాలికెగిరే జుట్టు, అంతే. ఈ మహానుభావుడు బొమ్మ మొత్తం పూర్తి చేసి, తర్వాత ఒక్కొక్కటే తీసేస్తూ పోతాడన్నమాట అని నాకు నేనే తేల్చుకున్నాను. నేనూ అలాగే మొదలుపెట్టాను. ముందు అన్నీ ఉన్న బొమ్మ గీయడం, తర్వాత అదే బొమ్మను ఒక్కటి తగ్గించి గీయడం, ఇంకొకటి తగ్గించి మళ్లీ గీయడం. పిన్ని చీరను ఇరవై సార్లు గీశాను. ఇరవయ్యోసారికి రెండు గీతలే మిగిలాయి, అయినా అది చీరే.

ఇంకో వింత కూడా చూశాను. ప్రతి బొమ్మకూ ఒక మూలన చిన్న ఎర్ర చతురస్రం, దాని నడుమ కూడిక గుర్తు. అచ్చం నాలుగు అద్దాల కిటికీలా ఉంది. బొమ్మన్నాక ఒక కిటికీ పెట్టడం వాళ్ల ఆచారం కాబోలనుకున్నాను. నేనూ నా ప్రతి బొమ్మకూ మూలన ఒక కిటికీ పెట్టాను. అది బొమ్మ వేసిన వాళ్ల ముద్ర అని ఎవరు చెప్తారు నాకు?

నెల తిరిగాక ఒక ఆదివారం నాయన ఆరాధన కాగానే బస్సెక్కి ఆత్మకూరు వచ్చాడు. పిన్ని ఇచ్చిన మంచినీళ్లు తాగి, "ఏదీ, లెక్కలు చూపించు" అన్నాడు. నేను నోట్సు తెచ్చాను. నోట్సు నిండా గొడుగులు, చీరలు, కొండ మీది అమ్మాయిలు.

"ఈ కిటికీ ఏందిమే ప్రతి దానికీ?" అన్నాడు ముందు. తర్వాత, "ఈ కోడిగుడ్డు కళ్లేంది? గైడ్లు యాడ?"

చెప్పాను. ఏం చేస్తాను, చెప్పాను. ఆయన నోట్సు మూసి పక్కన పెట్టాడు. పిన్ని భయపడి లోపలికి పోయింది.

"గైడ్లు ఇచ్చి బొమ్మలు తెచ్చినావా?" అన్నాడు. "పెట్టె సర్దు. పోదాం పా."

బస్సు ఉదయగిరి కొండ కనపడే దాకా వచ్చాక మళ్లీ నోరు తెరిచాడు. "ఈ బొమ్మలు ఎవురికి కావాల్నో చెప్పు."

"ఎవరికో ఒకరికి కావాల్లే" అన్నాను పెడసరంగా.

"సరే. ఒక్కరు. ఒక్కరంటే ఒక్కరు. మన చుట్టాలు కాదు, చర్చివాళ్లు కాదు. నా మొగం చూసి కాదు, బొమ్మ చూసి, 'ఇది నాకు కావాల' అని అడగాల. సప్లిమెంటరీకి అప్లికేషను పెట్టే ఆఖరి రోజు లోపల అడగాల. అడిగినారా, నీ ఇష్టం, జన్మలో లెక్కల మాట ఎత్తను. అడగలేదా, ఆ పుస్తకం పొయ్యిలోకి, నువ్వు పరీక్షకి."

"మాట మీద ఉంటావా నాయనా?"

"బైబిలు మీద చెయ్యి పెట్టమంటావా?"

నాకు ధైర్యం ఉప్పొంగింది. ఉదయగిరి అంత ఊళ్లో ఒక్కరు దొరకరా అనుకున్నాను. దొరకలేదు. ఎవరికి చూపించినా ఒకటే మాట. "కళ్లు వాచినాయా ఈ పిల్లకి?" "ఏంది, జరమా?" ఒకావిడ గొడుగు బొమ్మను అటూ ఇటూ తిప్పి, "మనిషి యాడ?" అంది. ఒకాయన మెచ్చుకున్నాడు గానీ, "మీ నాయన చేతిరాత ముందు ఇదెంత" అని ముగించాడు. ఇంటికొచ్చి తలుపు దబాల్న వేసుకున్నాను. అమ్మ, "తలుపేం చేసిందే నీకు?" అంది.

మా పక్కిల్లు ఖాలాది. ఉర్దూలో ఖాలా అంటే పిన్ని, ఊరంతా ఆమెను అలాగే పిలిచేది. యాభై దాటిన మనిషి. కొండ నుంచి తెచ్చిన కట్టెతో గరిటెలు, స్పూన్లు, ఫోర్కులు చెక్కేది, మా ఊళ్లో చాలా ఇళ్లల్లో ఉన్న పనే అది. పొద్దున మొదలుపెడితే సాయంత్రం దాకా ఆ ఇంట్లో ఉలి చప్పుడే. చెక్కను కాళ్ల సందున ఇరికించుకుని, చూడకుండానే చెక్కేది. పిడి మీద ఆకులు, పూలు, చేపలు ఉండేవి. వాటిని అనుమసముద్రంపేటలో దర్గా దగ్గర ఒక అంగడికి పంపేది. అంగడివాళ్లేమో "అవే ఆకులు, అవే చేపలు, కొత్తదేమన్నా ఉంటే తీసకరా ఖాలా" అని ముఖం చిట్లిస్తున్నారట. పగలంతా నాయన ఉండడు గనక నేను మూతి ముడుచుకుని ఆమె దగ్గరే కూర్చునేదాన్ని.

ఒక రోజు చేతులు పైటకు తుడుచుకుని, "ఏదీ బేటీ, ఆ పుస్తకం. ఊరంతా చూపించినావంట, నాకు చూపించలేదే" అంది. ఇచ్చాను. ఆమె దాన్ని తిప్పి, కుడి పక్కనుంచి తెరిచింది.

"అటు కాదు ఖాలా, అది చివర."

"ఎవురు చెప్పినారు? ఇదే మొదలు. అట్ట ఈడ ఉండాది, పేరు పెద్దక్షరాలతో ఈడ ఉండాది. మా ఉర్దూ కితాబు మాదిరి తెరవాల దీన్ని. నువ్వు తోక పట్టుకోని చదివినావా?"

నేను పుస్తకం లాక్కుని చూశాను. నిజమే. కుడి పక్కనుంచి తెరిస్తే ముందు మూడు గీతలు. తర్వాత మొహం. తర్వాత చొక్కా, నీడ, గడ్డి, ఆకాశం. ఆ మనిషి ఒక్కటీ తీసెయ్యలేదు! ఒక్కొక్కటే పెంచుకుంటూ పోయాడు. అందరూ చేసేదే చేశాడు. నేనే తలకిందులుగా చదివాను. తల కొట్టేసినట్టయింది నాకు. నెలపైగా కష్టపడి నేర్చుకున్నదంతా తిరగేసి నేర్చుకున్నాను. ఖాలా మాత్రం దగ్గొచ్చేదాకా నవ్వింది. నాకు ఏడుపొచ్చి నా కాగితాల కట్టను విసిరికొట్టాను.

ఆమె నవ్వు ఆపి వాటిని ఏరింది. ఏరుతూ ఏరుతూ ఒక కాగితం దగ్గర ఆగింది. అది పిన్ని చీర, ఇరవయ్యో బొమ్మ, రెండు గీతలది.

"ఇది చెక్కకి పనికొస్తాది" అంది.

"అది అయిపోయిన బొమ్మ ఖాలా. అందులో ఏమీ లేదు."

"అందుకే పనికొస్తాది. చెక్క మీద అన్నన్ని గీతలు పెడితే పగిలి చస్తాది. రెండు మూడు పెడితే నిలబడతాది. నువ్వు తగ్గించేది బాగా నేర్చినావు బేటీ. నాకు ఇన్నేళ్లకి రాలా అది."

నా ఏడుపు ఎటు పోయిందో తెలీదు. అప్పటికప్పుడు చెక్క ముక్క మీద కొండ మీది అమ్మాయిని పెన్సిలుతో గీయబోయాను. కళ్ల దగ్గరికి వచ్చేసరికి ఆమె నా చెయ్యి పట్టుకుంది.

"మొగం నేను చెక్కను."

"ఎందుకు?"

"ఆకు చెక్కతా, చేప చెక్కతా. మనిషి మొగం నా చేత్తో చెక్కను. మా అమ్మా చెక్కలా."

"కళ్లు లేకపోతే బొమ్మేంది ఖాలా! ఆ కళ్లు చూసే గదా నేను గైడ్లు ఇచ్చేసినాను!"

"అయితే నువ్వే చెక్కుకో పో."

నాకూ ముక్కు మీదే కోపం. లేచి వచ్చేశాను. రెండు రోజులు ఆ గడప తొక్కలేదు. ఇంట్లో కూర్చుని పుస్తకం తిప్పాను, ఈసారి కుడి నుంచి. మొదటి పేజీ దగ్గరే ఆగిపోయాను. మూడు గీతలే. కళ్లు లేవు, మొహం లేదు. అయినా పిల్ల ఉంది, కొండ ఉంది, గాలి తోలుతూనే ఉంది. నాకిష్టమైన ఆ కళ్లు రాకముందే బొమ్మ వచ్చేసింది. ఖాలా చెప్పింది అదే కదా అనిపించి సిగ్గుపడ్డాను. మూడో రోజు పోయి ఆమె ముందు కూర్చున్నాను. ఆమె ఒక చెక్క ముక్క నా వైపు తోసింది.

మొదటి గరిటె విరిగింది. నా మూడో గీత చెక్క పోగుకు, అంటే దాని నార సాగే దారికి, అడ్డంగా పోయింది, ఉలి పెట్టగానే టప్పుమని పోయింది. "పోగు ఎటు పోతాదో గాలిని అటే పోనీ బేటీ" అంది ఆమె. అంతే, రెండోది నిలబడింది. పిడి కొనన మొదలైన జుట్టు మూడు పాయలుగా విడిపోయి, కిందికి జారి, గరిటె మెడ దగ్గర సన్నగా కలిసిపోయింది. గరుకు కాగితంతో రుద్ది ఎండలో పట్టుకుంటే గాలి కనిపించింది నాకు. నిజంగా కనిపించింది. నేను ఎగిరి గంతేశాను. ఖాలా, "ఇల్లు కూలతాది, కూర్చో" అంది గానీ ఆమె మొహం కూడా వెలిగిపోతోంది.

వెనక పక్క పెన్సిలుతో చిన్న కిటికీ గీశాను.

"ఇదేంది?"

"ప్రతి బొమ్మకీ ఉండాలంట ఖాలా. పుస్తకంలో ఉండాది."

"పుస్తకంలో ఉంటే పెట్టాల్సిందే" అని దాన్నీ చెక్కింది.

గీసేది నేను, చెక్కేది ఆమె. అలా ఒక గోతం సంచి నింపాం. అమ్మకు తెలుసు, నాయనకు తెలీదు. "మీ నాయనకి చెప్పబాక" అంది ఖాలా. "చెప్తే ఆయన మొగమాటానికి ఎవురో ఒకరు అడగతారు. పేరు లేకుండా పోనీ. ఎవురికన్నా నచ్చితే బొమ్మకే నచ్చాల." సంచి అనుమసముద్రంపేటకు పోయింది. పోయినాక కబురు లేదు. వారం గడిచింది. నాకు కాలు ఒకచోట నిలవలేదు. బస్సు హారను వినిపిస్తే చాలు, గుమ్మంలోకి పరుగెత్తేదాన్ని.

ఈలోగా నాయన అప్లికేషను తెచ్చాడు. ఆయనే నింపాడు. ఎంత అందమైన అక్షరాలు! నా పేరు అంత అందంగా ఇంకెక్కడా లేదు, ఈ రోజుకీ. సంతకం చేయాల్సిన చోట పెన్సిలుతో సన్నగా టిక్కు పెట్టి, దాన్ని బల్ల మీద బైబిలు కింద ఉంచాడు. "రెండు రోజులు ఉండాది" అన్నాడు. నేను పొయ్యి వైపు, పుస్తకం వైపు చూశాను.

ఆఖరి రోజుకు ముందు రోజు ఆయన మామూలు బస్సుకు రాలేదు. తర్వాతి బస్సుకు వచ్చాడు. వచ్చీ రాగానే చెప్పులు కూడా విప్పకుండా కేక పెట్టాడు.

"ఏమ్మే, ఇట్టరా! పని అంటే ఏందో చూపిస్తా."

తమ స్కూలు హెడ్మాస్టరు రిటైరవుతున్నాడని, బహుమతి కొనే పని తనకే అప్పజెప్పారని, అనుమసముద్రంపేటలో ఏదో మీటింగుంటే అటే పోయి అంగళ్లు చూశానని గబగబా చెప్పాడు. సంచిలోంచి కాగితం పొట్లం తీశాడు. విప్పాడు.

నా గరిటె.

వంటింట్లోంచి తొంగి చూసిన అమ్మ పైట నోట్లో కుక్కుకుని లోపలికి పరుగెత్తింది.

"చూడు" అన్నాడు నాయన, వేలితో ఆ పాయలను తడుముతూ. "మూడంటే మూడు గీతలు. గాలి తోలతా ఉన్నట్టు లేదా? మన ఊరి పనే అంట, ఇన్నేళ్లు ఈడ ఉండి ఇట్టాంటిది నేను చూళ్లేదు. నువ్వూ గీస్తావు, కోడిగుడ్డు కళ్లు, కాగితం నిండా గీతలు. ఇట్టాంటిది ఒక్కటి గియ్యి. అప్పుడు నేనే ఒప్పుకుంటా."

నేను నెమ్మదిగా అడిగాను. "వాళ్లే చూపించి ఇచ్చినారా నాయనా, నువ్వు అడిగినావా?"

"అడగడమా! తెచ్చినవి తెచ్చినట్టే అయిపోయినాయంట, ఒక్కటే మిగిలినాది. అది కూడా ఇంకొకాయన చేతిలో ఉండాది. ఆయన కింద పెట్టేదాకా పక్కనే నిలబడినాను. ఆడ బస్సు పోతా ఉండాది, పోతే పోనీలే అనుకోని, 'ఇది నాకు కావాల' అన్నాను."

"ఏమన్నావు?"

"ఏంది, చెవుడా నీకు? ఇది నాకు కావాల అన్నాను."

"ఇంకోసారి చెప్పు నాయనా."

ఆయన నన్ను అనుమానంగా చూశాడు. నేను నవ్వాపుకోలేక చస్తున్నాను.

"దాన్ని వెనక్కి తిప్పు" అన్నాను.

తిప్పాడు. కళ్లజోడు సరిచేసుకుని దగ్గరగా పెట్టుకున్నాడు. కిటికీ. నాలుగు అద్దాల చిన్న కిటికీ. దాని వైపు చూశాడు, నా వైపు చూశాడు, ఖాలా ఇంటి పక్క గోడ వైపు చూశాడు. అటునుంచి ఉలి చప్పుడు టక్ టక్‌మని వస్తోంది. అది రోజూ వినే చప్పుడే, ఆ రోజే మొదటిసారి విన్నట్టు విన్నాడు. మంచం మీద కూలబడ్డాడు. ఆ గరిటెను మోకాళ్ల మీద పెట్టుకుని కిటికీ మీద వేలు తిప్పాడు.

నేనే కదిలించాను. ఊరుకునే రకం కాదు కదా నేను. "కానీ నాయనా, చుట్టాలు అడిగితే లెక్కలోకి రాదన్నావే!"

"ఆడ నేను నీకు చుట్టాన్ని కాదుమ్మే" అన్నాడు. "ఎవురిదో తెలవకుండా అడిగినాను."

ఆ మాటకు నాకు వచ్చిన గర్వం తర్వాత ఏ బొమ్మకూ, ఏ బహుమతికీ రాలేదు. అచ్చు పుస్తకం మీద నా పేరు మొదటిసారి చూసినప్పుడు కూడా అంత రాలేదు.

ఆయన లేచి బైబిలు కింది అప్లికేషను తీశాడు. తన అక్షరాలను ఒకసారి పై నుంచి కింది దాకా చూసుకున్నాడు. తర్వాత దాన్ని వెనక్కి తిప్పి, తెల్లగా ఉన్న పక్కను నా ముందు పెట్టి, పెన్సిలు ఇచ్చాడు. "గియ్యి. నా కళ్ల ముందర."

మూడు గీతలు గీశాను. మూలన కిటికీ పెట్టాను. ఆయన పెన్సిలు తీసుకుని దాని పక్కనే తానూ మూడు గీశాడు. ఊళ్లోకెల్లా చక్కటి చేతిరాత ఆయనది, అయినా ఆ గీతలు కట్టెల్లా నిలబడ్డాయి గానీ ఎగరలేదు. తుడిచాడు. మళ్లీ గీశాడు. మళ్లీ తుడిచాడు. అమ్మ అన్నానికి పిలిస్తే, "ఆగు, ఇదొక్కటి రానీ" అన్నాడు. కాగితం చిరిగేదాకా తుడిచి, చివరికి నా వైపు చూసి, "ఎట్టా గీసినావుమే?" అని అడిగాడు. లెక్కలు చెప్పే గొంతు కాదది, నేర్చుకునే గొంతు.

ఆ వారం హెడ్మాస్టరుకు ఒక శాలువా, ఒక టవలు కొనిచ్చి పంపారు. గరిటె మా ఇంట్లోనే మేకుకు వేలాడింది. దాంతో ఒక్క రోజు కూడా కూర కలపనివ్వలేదు నాయన.